గుడిలోకి చొరబాటు: నింజా దృశ్యం తీయడం – 3వ పాఠం: నేల, తలుపు, పైకప్పు

రెండో పాఠంలో మన పాత్రను ప్రహరీ దాటించి గుడి ఆవరణలోకి దించాం. ఈసారి లోపలికి వెళ్దాం. అసలు పరీక్ష ఇక్కడే. నింజా సినిమాలో గుడి మీద దాడి నిలబడేది కత్తియుద్ధం వల్ల కాదు, ఆ కట్టడం వల్ల. కిర్రుమనే నేల, నీడ పట్టిచ్చే కాగితపు తలుపు, దుమ్ము రాల్చే పైకప్పు: చొరబడేవాడికి ముందు ఎదురయ్యే శత్రువులు ఇవే. కాపలావాడి వంతు ఆ తర్వాత వస్తుంది.

ముందు ఒక సంగతి తేల్చుకోండి: లోపల ఏముంది? 16వ శతాబ్దపు జపాన్‌లో ప్రభువులు ప్రయాణాల్లో గుళ్లలో బస చేసేవారు. 1582లో యుద్ధప్రభువు ఓడా నొబునాగా చనిపోయింది క్యోటోలోని హొన్నోజి గుడిలోనే, అతని సేనానే అయిన అకెచి మిత్సుహిదె సైన్యం చుట్టుముట్టినప్పుడు. ఒసాకాలోని ఇషియామా హొంగంజి అనే కోటలాంటి గుడి 1570 నుంచి 1580 దాకా అదే నొబునాగాను ఎదిరించింది. కాబట్టి గుడిలో నిద్రపోతున్న ప్రభువు ఉండొచ్చు, ఆయుధాలు ఉండొచ్చు, గ్రంథాలు ఉండొచ్చు. 1983లో చింగ్ సియు-తుంగ్ తీసిన హాంకాంగ్ సినిమా 'డ్యూయల్ టు ద డెత్'లో నింజాలు చైనాలోని షావోలిన్ గుడి గ్రంథాలయంలోకే చొరబడతారు. మీరు చైనా గుడిని ఎంచుకుంటే మాత్రం ఈ పాఠంలో తలుపుల భాగం వదిలేయండి. అక్కడివి రెక్కల తలుపులు, నేల రాయి. జరిపే కాగితపు తలుపు పెడితే తెలిసినవాళ్లు మొదటి షాట్‌లోనే పట్టేస్తారు.

నేల

క్యోటోలోని నిజో కోటలో, చియోన్-ఇన్ గుడిలో నడిస్తే పిట్ట కూసినట్టు మోగే వరండాలు ఉన్నాయి. పలక మీద అడుగు పడగానే అది కాస్త కిందికి వంగుతుంది. పలకను పట్టి ఉంచే ఇనుప బిగింపుకూ మేకుకూ రాపిడి పుట్టి ఆ కూత వస్తుంది. దొంగల కోసం కావాలనే పెట్టారా, ఏళ్లు గడిచి మేకులు వదులై వచ్చిందా అన్న వాదన ఉంది. మన పనికి ఆ యంత్రాంగం తెలిస్తే చాలు. పలక వంగితేనే మోత. దూలం మీద ఆనిన చోట పలక వంగదు. అందుకే నటుణ్ని వరండా మధ్యలో నడిపించకండి. గోడవారగా, మేకుల వరస మీదుగా నడిపించండి. ఆ మేకుల వరసను ఒక్క క్లోజప్‌లో ముందే చూపిస్తే, అతను ఎందుకు పక్కకు జరిగాడో మాట లేకుండా అర్థమవుతుంది.

అడుగు వేసే తీరు ఇది: చిటికెన వేలి వైపు అంచు ముందు ఆనాలి, తర్వాత బొటనవేలు, చివర మడమ. బరువు మారేది ఆ తర్వాతే. ఒక్కో అడుగుకు మూడు సెకన్లు ఇవ్వండి. కొత్త నటులు చేసే తప్పు, నడుం వంచి గబగబా నాలుగడుగులు వేసి ఆగిపోవడం. తెర మీద అది భయపడ్డ మనిషిలా కనిపిస్తుంది, నేర్చినవాడిలా కాదు. కెమెరాను నేలకు అడుగు ఎత్తులో పెట్టి, 50 ఎంఎం లెన్స్‌తో పాదాన్ని ఒకసారి, అదే నడకను మోకాళ్ల దాకా ఇంకోసారి తీయండి. ఎడిటింగ్‌లో రెండూ కావాలి.

వరండా దాటితే తతామి చాపలు. అవి దాదాపు ఆరడుగుల పొడవు, మూడడుగుల వెడల్పు, 5–6 సెంటీమీటర్ల మందం. సెట్‌కు ప్లైవుడ్‌ను ఆ కొలతకు కోసి, పైన తుంగ చాప బిగించి, పొడవాటి అంచులకు నల్లగుడ్డ పట్టీ కుట్టండి. అసలు తతామి పైపొర కూడా తుంగలాంటి గడ్డితో అల్లిందే కాబట్టి కెమెరాకు పెద్ద తేడా తెలియదు. పరిచే పద్ధతి చూసుకోండి. ఇళ్లలో నాలుగు చాపల మూలలు ఒక్కచోట కలవనివ్వరు. గుళ్లలోని పెద్ద మందిరాల్లో మాత్రం వరసలుగా పరచడం ఉంది.

తలుపు

జరిపే కాగితపు తలుపును షోజి అంటారు. సెట్‌కు అంగుళం వెడల్పు, అరంగుళం మందం ఉన్న చెక్క పట్టీలతో గళ్ల చట్రం చేసి, వెనకవైపు ట్రేసింగ్ పేపర్ అంటించండి. మైదా జిగురు వాడొద్దు. ట్రేసింగ్ పేపర్ తడిస్తే ముడతలు పడుతుంది, వెనక దీపం పెట్టగానే ప్రతి ముడతా గీతలా కనిపిస్తుంది. రెండువైపులా అంటుకునే టేప్ సరిపోతుంది.

నీడ షాట్ ఎక్కువమందికి చెడిపోయేది ఇక్కడే. పెద్ద ఎల్ఈడీ ప్యానెల్ పెడితే నీడ అంచులు కరిగిపోయి బూడిదరంగు మరక మిగులుతుంది. వెలుగు పుట్టే చోటు ఎంత చిన్నదైతే నీడ అంత పదును. సాఫ్ట్‌బాక్స్ (వెలుగును మెత్తబరిచే గుడ్డ పెట్టె) తీసేసి, ఒక్క చిన్న లైటును కాగితానికి పది పన్నెండు అడుగుల వెనక పెట్టండి. మనిషి కాగితానికి అడుగు లోపల ఉంటే నీడ అసలు కొలతలో, స్పష్టంగా పడుతుంది. లైటు వైపు నడిస్తే నీడ పెరిగి పెద్దదవుతుంది. ఆ పెరుగుదలను దాచుకుని ఒకే ఒక్కసారి, కాపలావాడు నిద్ర లేచే క్షణంలో వాడండి.

తలుపు తెరవడంలో ఒక చక్కటి కిటుకు కట్టడంలోనే ఉంది. పై గాడి లోతు సుమారు 15 మిల్లీమీటర్లు, కింది గాడి 3 మిల్లీమీటర్లే. తలుపును పైకెత్తితే కింది అంచు గాడిలోంచి బయటపడుతుంది, మొత్తం తలుపు చేతిలోకి వచ్చేస్తుంది. జరిపితే చప్పుడు, ఎత్తితే నిశ్శబ్దం. మీ నింజా తలుపు జరపబోయి, ఆగి, పైకెత్తితే ఆ మనిషి ఎంత నేర్చినవాడో ప్రేక్షకుడికి ఐదు సెకన్లలో తెలిసిపోతుంది. సెట్‌లోనూ గాడులు ఈ కొలతలకే కోయించండి.

పైకప్పు

సన్నటి పట్టీల మీద పలుచని పలకలు పరిచిన కప్పు ఇది. ఒక పలక పక్కకు జరిపితే కింద గదంతా కనిపిస్తుంది. 1962లో దైయెయి సంస్థకు సత్సుఓ యమమొతొ తీసిన 'షినొబి నో మొనొ'లో ఇషికావా గొయెమొన్ పాత్ర (నటుడు ఇచికావా రైజో) కప్పు మీంచి దారం దించి, నిద్రపోతున్న నొబునాగా పెదవుల మీదికి విషం జార్చే దృశ్యం ఉంది. 1967 నాటి జేమ్స్ బాండ్ సినిమా 'యూ ఓన్లీ లివ్ ట్వైస్' ఈ ఉపాయాన్నే మళ్లీ వాడింది. ఒక నిలువు గీత, దాని మీద కదిలే ఒక చుక్క, కింద కదలని ముఖం. ఇంతకు మించి ఫ్రేమ్‌లో ఏమీ అక్కర్లేదు.

దీన్ని తీయాలంటే పొడి నూలుదారం పనికిరాదు, అది చుక్కను పీల్చేస్తుంది. 0.4 మిల్లీమీటర్ల నైలాన్ తీగ వాడి, పలచటి పంచదార పాకం చుక్కలుగా వదలండి. నీళ్లయితే ఒక్క క్షణంలో జారిపోతాయి. పాకం చిక్కదనం పెంచుతూ, చుక్క అడుగు దూరం జారడానికి మూడు నాలుగు సెకన్లు పట్టే దాకా సరిచేసుకోండి. నటుడి పెదవికి తగిలేది కాబట్టి తినదగినదే వాడాలి, ఇందులో రాజీ వద్దు. లైటు తీగ వెనక, కాస్త పక్కగా ఉండాలి. ముందు నుంచి వేస్తే తీగే కనిపించదు.

చీకటి, చప్పుడు

కెమెరా వైట్ బ్యాలెన్స్‌ను (ఏ వెలుగును తెల్లగా చూపాలన్న అమరిక) 3200 కెల్విన్‌లో పెట్టి, బయటి నుంచి 5600 కెల్విన్ లైటు వేస్తే వెన్నెల నీలంగా వస్తుంది, లోపలి దీపం వెచ్చగా ఉంటుంది. ముఖాన్ని ఒకటిన్నర నుంచి రెండు స్టాప్‌లు (ఒక్కో స్టాప్ తగ్గితే వెలుగు సగమవుతుంది) తక్కువ ఎక్స్‌పోజ్ చేయండి. అచ్చమైన నల్ల దుస్తులు వద్దు. నల్లటి నేపథ్యంలో మనిషి మాయమై రెండు కళ్లు మాత్రమే తేలతాయి. ముదురు నీలిమందు రంగు బట్ట తీసుకుని, భుజం మీదికి వెనక నుంచి సన్నటి వెలుగు ఇవ్వండి.

నిశ్శబ్దమంటే ఖాళీ సౌండ్ ట్రాక్ కాదు. ఖాళీగా వదిలితే స్పీకర్ పాడైందనుకుంటారు. గదిలో ఎవరూ కదలకుండా 60 సెకన్లు రికార్డు చేసి అడుగున పరచండి, పైన కీచురాళ్ల మోత పెట్టండి. మనిషి దగ్గరికొస్తే కీచురాళ్లు ఆగిపోతాయి. ఆ మోత ఠక్కున ఆగడాన్నే మొదటి ప్రమాద సూచనగా వాడండి. తర్వాత ఒక సెకను ఆగి కాపలావాడు తల తిప్పాలి. వరస తారుమారైతే భయం పుట్టదు.

ఈ వారం అభ్యాసం: ఒక తలుపు, ఒక దీపం, ఇద్దరు నటులతో 90 సెకన్ల దృశ్యం తీయండి. మాటలు, సంగీతం వద్దు. మొదటి షాట్‌లో నిద్రపోతున్న మనిషిని చూపించి, ఆ తర్వాతే చొరబడేవాణ్ని చూపించండి. ఎడిట్ అయ్యాక కథ తెలియని ఒకరికి చూపించి, తలుపు ఎందుకు పైకెత్తాడో అడగండి. చెప్పలేకపోతే, జరపబోయి ఆగిన షాట్ నిడివి చాలలేదన్నమాట. మరో సెకను పెంచి మళ్లీ చూపించండి. నాలుగో పాఠంలో కాపలావాడు నిద్ర లేస్తాడు: ఇరుకు గదిలో కత్తి దూయడం, చాపల మీద జారకుండా అడుగులు కుదుర్చుకోవడం నేర్చుకుందాం.