ఫోన్‌తో మనిషిని మాయం చేయడం ఎట్టా

యాప్ కొనాల్సిన పని లేదబ్బా, గ్రీన్ స్క్రీనూ వద్దు. ఫోను, కదలని స్టాండు, చెప్పిన మాట వినే మనిషి ఒకడు చాలు. ఆ మూడోదే దొరకదు.

అసలు ఈ ట్రిక్కు కెమెరా మొరాయిస్తే పుట్టిందంటారు. పారిస్‌లో జార్జ్ మెలియెస్ అని మ్యాజిక్ షోలు చేసే ఆయన 1896లో ఒపేరా థియేటర్ ముందు రోడ్డు తీస్తుంటే ఫిల్మ్ ఇరుక్కుపోయింది, సరిచేసి మళ్లీ తిప్పేసరికి నిమిషం పట్టింది, ఈలోపు రోడ్డు మీద జనం బండ్లు మారిపోయాయి కదా, తెర మీద వేసి చూస్తే జనం ఎక్కే గుర్రబ్బండి కాస్తా ఉన్నట్టుండి శవాల బండి అయిపోయిందంట, మగాళ్లు ఆడాళ్లయిపోయారంట. ఆయనే చెప్పుకున్న కథ ఇది, కాస్త మసాలా ఉందని నా అనుమానం, ఎందుకంటే 1895లోనే ఎడిసన్ కంపెనీ వాళ్లు స్కాట్లాండ్ మేరీ రాణి తల నరికే సీన్లో మనిషిని తీసి బొమ్మని పెట్టి ఇదే పని చేశారు.

సరే, మన పనికొద్దాం. మనిషి తప్పుకునే ముక్కని వీడియోలోంచి కత్తిరించేసి, ముందూ వెనకా అతికించడమే కిటుకు. మేం మొదట మైపాడు బీచ్‌లో తీశాం, అదే తప్పు. మా బావమరిది మాయమయ్యాడు గానీ, ఒడ్డుకొచ్చిన అల కూడా టక్కున వెనక్కి పోయింది. మిద్దె మీదికి మారితే దండెం మీద లుంగీ ఎగిరి దొరికిపోయాం. ఫ్రేములో ఊగేది ఏదీ ఉండకూడదు.

ఫోన్‌ని ఇటుకల మధ్య బిగించి, స్క్రీన్ మీద వేలు నొక్కిపెట్టి ఫోకస్, వెలుతురు లాక్ చేయండి, లేదంటే మనిషి పోగానే గోడ రంగు మారిద్ది. పాజ్ నొక్కబాకండి, ముట్టుకుంటే ఫోన్ కదిలిద్ది, రికార్డింగ్ అట్టనే నడవనిచ్చి తర్వాత కత్తిరించండి. మెలియెస్ కూడా ఫిల్మ్‌ని కోసి అతికించేవాడు. పక్కన ఉండేవాళ్లు చెయ్యి ఎత్తింది ఎత్తినట్టే బిగుసుకుపోవాలి, మాయమయ్యేవాడు మెల్లగా తప్పుకోవాలి. ఎడిటింగ్‌లో వాడు కదలకముందు ఫ్రేము, వాడు పూర్తిగా పోయాక ఫ్రేము, ఈ రెండిటినీ కలపండి. కట్ దగ్గర అతుకు కనపడకుండా గుప్పెడు ముగ్గుపిండి చల్లండి, కానీ వాడు పోయాకే, ముందే చల్లితే గాల్లో పిండి కూడా ఎగిరి దూకిద్ది.

ఇదంతా రెండు నిమిషాల్లో అయిపోవాలి. మా బావమరిది తప్పుకోమన్నాం కదా అని కిందికి పోయి టీ తాగొచ్చాడు, నేనేమో చెయ్యెత్తి అట్టనే నిలబడుండా, ఈలోపు గోడ మీద నీడ జానెడు జరిగింది. మళ్లీ మొదటి నుంచి తీశాం.