పాత సీడీ ప్లేయర్‌లో ప్రీసెట్ తిప్పే ముందు టెస్ట్ డిస్క్ వేసి చూడండి

పాత సీడీ ప్లేయర్ ఆగి ఆగి పాడుతోందంటే మన దగ్గర చాలామంది ముందు చేసే పని, పికప్ (డిస్కును చదివే లేజర్, లెన్స్ ఉండే భాగం) మీదుండే చిన్న ప్రీసెట్‌ను, అంటే తిప్పి సర్దే బుల్లి రెసిస్టర్‌ను, స్క్రూడ్రైవర్‌తో తిప్పడం. దాని జోలికి పోకండి. చాలా సెట్లలో అది లేజర్ కరెంటును పెంచేది తగ్గించేది. ఎక్కువ తిప్పితే నాలుగు రోజులు మస్తుగా పాడి తర్వాత లేజర్ డయోడ్ పోతుంది, ఆ మోడల్‌కు పికప్ దొరకడం గగనం.

ముందు లెన్స్. మిర్యాలగూడ రైస్ మిల్లుల చుట్టుపక్కల ఇళ్లలో వాడిన సెట్టయితే ఊక దుమ్ము పొర కట్టి ఉంటుంది. పవర్ తీసేసి, ఐసోప్రొపైల్ ఆల్కహాల్ కాస్త అంటించిన దూది పుల్లతో నొక్కకుండా తుడవండి. తర్వాత గీతల్లేని ఒరిజినల్ సీడీ వెయ్యండి, ఇంట్లో రాసింది వద్దు. అదీ చదవకపోతే టెస్ట్ డిస్క్‌తో పని లేదు, చూడాల్సింది పికప్, ఫోకస్. మూత తీసి పవర్ పెట్టినప్పుడు లెన్స్‌లోకి కన్ను పెట్టొద్దు, 780 నానోమీటర్ల కిరణం, కంటికి దాదాపు కనబడదు.

చదివితే అసలు పని మొదలు. ప్లేయర్‌ను పరీక్షించడానికే చేసిన పియర్ వెరానీ లాంటి టెస్ట్ డిస్కుల్లో డేటా లేని ఖాళీలు 0.05 మిల్లీమీటర్ నుంచి 4 దాకా ట్రాక్ ట్రాక్‌కు పెరుగుతాయి. సీడీ ప్రమాణం ప్రకారం ప్లేయర్ 0.2 ఖాళీని ఆగకుండా దాటాల్సిందే, 1 దాటితే సెట్టు బాగున్నట్టే. ఎక్కడ ఆగిందన్నదానికన్నా ఎలా ఆగిందో వినండి: పాట ముందుకు పోతూనే టిక్ టిక్‌మంటే తప్పుల సవరణకు శక్తి చాలలేదని, అదే ముక్క మళ్లీ మళ్లీ పాడితే ట్రాకింగ్ (లేజర్ డిస్కు మీది దారి వెంటే సాగడం) పట్టు తప్పిందని. 0.2 దగ్గరే తడబడితే లెన్స్ ఇంకోసారి తుడిచి, అప్పుడు సర్వీస్ మాన్యువల్ చూసి, ఆసిలోస్కోప్ పెట్టుకుని సర్వో ప్రీసెట్లు (లేజర్‌ది కాదు, ఫోకస్, ట్రాకింగ్‌లను సర్దేవి) ముట్టండి.

సీడీ లోపలి నుంచి బయటికి పాడుతుంది, వేగం నిమిషానికి 500 చుట్ల నుంచి 200కు తగ్గుతుంది. అందుకే 70 నిమిషాలు దాటిన డిస్కులో మొదటి పాటలే ఎగిరితే నా అనుమానం డిస్కును తిప్పే స్పిండిల్ మోటర్ మీద, చివరివి ఎగిరితే పికప్‌ను జరిపే స్లెడ్ పట్టాల మీద గట్టిపడ్డ గ్రీజు మీద. మన ఎండలకు ఇంకో పరీక్ష కూడా కావాలి: చల్లగా ఉన్నప్పుడొకసారి, గంటసేపు పాడాక ఒకసారి అదే ట్రాకులు వేయండి. వేడెక్కాకే పాడైతే లేజర్ బలహీనపడి ఉండొచ్చు, లేదా ఎక్కడో సోల్డర్ వదిలి ఉండొచ్చు.

టెస్ట్ డిస్క్ దొరక్కపోతే పనికిరాని సీడీకి మెరిసే వైపు, మధ్య నుంచి అంచుకు, మార్కర్‌తో సన్నని నల్ల గీత గీయండి. డిస్క్ పైపొర దగ్గర కిరణం ముప్పావు మిల్లీమీటర్ వెడల్పుంటుంది కాబట్టి ఈ గీత కొలతను ఆ ఖాళీల కొలతతో పోల్చడానికి లేదు. బాగా పాడే ఇంకో ప్లేయర్‌లో అదే సీడీ వేసి, రెండింటికీ తేడా చూసుకోండి.