బ్రిటన్‌లో ప్రొడక్షన్ డిజైనర్ కావాలంటే: ఒక్క గదిని పూర్తిగా గీసి చూపండి

బ్రిటన్ సినిమా, టీవీ రంగంలో ప్రొడక్షన్ డిజైనర్ పని, అంటే సెట్ల రూపాన్ని ఊహించి ఆర్ట్ డిపార్ట్‌మెంట్‌ను నడిపే పని, నేరుగా దొరకదు. ఆర్ట్ డిపార్ట్‌మెంట్‌లో ట్రైనీగానో అసిస్టెంట్‌గానో చేరి, జూనియర్ డ్రాఫ్ట్స్‌మన్ (సెట్ల కొలతల నక్షాలు గీసేవారు), డ్రాఫ్ట్స్‌మన్, అసిస్టెంట్ ఆర్ట్ డైరెక్టర్, ఆర్ట్ డైరెక్టర్ మెట్లు ఎక్కాలి. అక్కడ ఆర్ట్ డైరెక్టర్ విభాగాధిపతి కాదు. డిజైనర్ ఊహను కొలతల్లోకి, బడ్జెట్‌లోకి, వడ్రంగుల చేతికి చేర్చే మనిషి. జేమ్స్ బాండ్ సినిమాల సెట్లు రూపొందించిన కెన్ ఆడమ్ అంతటివారు కూడా ఆర్కిటెక్చర్ చదివి, డ్రాఫ్ట్స్‌మన్‌గానే మొదలుపెట్టారు.

చదువుకు బీకన్స్‌ఫీల్డ్‌లోని నేషనల్ ఫిల్మ్ అండ్ టెలివిజన్ స్కూల్‌లో ప్రొడక్షన్ డిజైన్ ఎంఏ ఉంది. ఆర్కిటెక్చర్, రంగస్థల డిజైన్ చదివినవాళ్లూ ఈ రంగంలోకి వస్తారు. ట్రైనీ అవకాశాల కోసం ఈ రంగంలో శిక్షణ చూసే సంస్థ స్క్రీన్‌స్కిల్స్ ప్రకటనలు చూస్తుండండి.

అయితే మీకు పని తెచ్చిపెట్టేది పోర్ట్‌ఫోలియో. అందులో అందమైన బొమ్మలు ఇరవై పెట్టేకంటే, ఒక్క సెట్టును మొదటినుంచి చివరిదాకా చూపడం మేలు.

ఏదైనా స్క్రిప్టులో ఒక గది ఎంచుకోండి. అందులో ఎన్ని సీన్లు, పగలా రాత్రా, ఎవరు ఏ తలుపు గుండా వస్తారు, ఏ వస్తువు ముట్టుకుంటారు అన్నది పట్టిక వేయండి. తర్వాత ప్లాన్ (పైనుంచి చూసే నక్షా) 1:50లో, అంటే అసలు కొలతలో యాభయ్యో వంతుగా, గోడల ఎలివేషన్లు (ఎదురుగా చూసే నక్షాలు) 1:25లో గీయండి. గోడ వెడల్పు నిర్ణయించేటప్పుడు ప్లైవుడ్‌ని మరవకండి. షీటు 2440×1220 మిల్లీమీటర్లు. నిలువుగా పక్కపక్కన పెడితే 3660 గోడకు మూడు షీట్లు సరిగ్గా సరిపోతాయి. 3700 అని గీస్తే ఆ 40 మిల్లీమీటర్ల ముక్క కోసం నాలుగో షీటు కోయాలి, అదనంగా ఒక అతుకు కూడా దాచాలి.

ఇక కెమెరా. కొత్తవాళ్లు తప్పేది ఎక్కువగా ఇక్కడే. సినిమా కెమెరాల్లో వాడే సూపర్ 35 సెన్సర్ వెడల్పు దాదాపు 25 మిల్లీమీటర్లు కాబట్టి లెక్క తేలికే: 25 ఎం.ఎం. లెన్స్‌లో 4 మీటర్ల గోడ మొత్తం పట్టాలంటే కెమెరా 4 మీటర్ల దూరంలో ఉండాలి, 50 ఎం.ఎం. అయితే 8 మీటర్లు. గది లోతు 5 మీటర్లే అయినప్పుడు రెండో షాట్‌కి కెమెరా గది బయట నిలబడాలి. అందుకే ఎదుటి గోడను విడదీసి పక్కకు జరిపే వీలుండేలా గీయండి, ఆ విషయం ప్లాన్ మీదే రాయండి.

తెల్ల అట్టతో 1:50 మోడల్ కట్టండి. రెండు మీటర్ల తలుపు 40 మిల్లీమీటర్లు, మనిషి 35. ఐదు మిల్లీమీటర్ల ఫోమ్‌బోర్డు (మధ్యలో నురుగు ఉన్న అట్ట) ఈ స్కేల్లో 250 మిల్లీమీటర్ల గోడ అవుతుంది. పాత రాతి ఇంటికి సరే, ఫ్లాట్‌లోని లోపలి గోడకు మాత్రం మొద్దు. దానికి 1.5 మిల్లీమీటర్ల మౌంట్‌బోర్డు (పలచని గట్టి అట్ట) వాడండి.

ప్రింట్ తీసేటప్పుడు 'ఫిట్ టు పేజ్' ఆపేయండి. అది ఆన్‌లో ఉంటే స్కేలు చెడి, కాగితం మీద కొలిచిన ప్రతి అంకె తప్పుతుంది. ప్రతి షీటు మీద స్కేల్ బార్ గీసి, ప్రింటయ్యాక స్కేలుతో సరిచూడండి.

మోడల్ ఫోటోలు పైనుంచి తీస్తే బొమ్మరిల్లులా కనిపిస్తాయి. ఫోన్ తలకిందులుగా పట్టుకుని, లెన్స్‌ని మోడల్ నేలకు 32 మిల్లీమీటర్ల ఎత్తులో ఉంచండి. 1:50లో అది మనిషి కంటి ఎత్తు.