యూనిట్ రేటు లెక్కలు: పరీక్షకు ముందు ఇవి చూసుకోండి

లెక్కల పరీక్ష దగ్గరపడింది. యూనిట్ రేటు అంటే ఒక్క సెకనుకో, ఒక్క నిమిషానికో ఎంత అన్న లెక్క. పద్ధతి తెలిసినా మార్కులు పోయేది ఇలాంటి చోట్లే.

• ఘనపు మీటర్లను ఘనపు సెంటీమీటర్లలోకి మార్చేటప్పుడు 100తో ఒక్కసారి గుణించి ఆగిపోకండి. పొడవు, వెడల్పు, ఎత్తు మూడూ మారతాయి కాబట్టి 100 × 100 × 100, అంటే 10,00,000. 2 మీ. × 1.5 మీ. × 1 మీ. తొట్టిలో 30,00,000 ఘనపు సెంటీమీటర్లు, అంటే 3,000 లీటర్లు పడతాయి. నిమిషానికి 24 లీటర్లు పోసే పంపుకు 125 నిమిషాలు కావాలి. 100తో సరిపెడితే 300 ఘనపు సెంటీమీటర్లే, అంటే 0.3 లీటరే వచ్చి, ఒక్క సెకను కూడా పట్టకుండా నిండిపోతుంది! అంత పెద్ద తొట్టి అంత త్వరగా నిండుతుందా?

• ఏది పైన, ఏది కింద అన్నది ముందే రాసుకోండి. 45 సెకన్లకు 18 లీటర్లయితే, 18 ÷ 45 = సెకనుకు 0.4 లీటరు. తిరగేస్తే 2.5 వస్తుంది. అది లీటరుకు పట్టే సెకన్లు. తప్పు అంకె కాదు, కానీ అడిగింది అది కాదు.

• సెకను రేటును నిమిషానికి మార్చాలంటే 60తో గుణించాలి. ఎక్కువసేపు పారితే ఎక్కువ నీళ్లే కదా.

• 2.5 నిమిషాలంటే 2 నిమిషాల 30 సెకన్లు, 50 కాదు.

• గ్యాలన్ కనిపిస్తే ఏ దేశానిదో చూడండి. అమెరికాది సుమారు 3.785 లీటర్లు, బ్రిటన్‌ది 4.546.

• మిల్లీలీటరు, ఘనపు సెంటీమీటరు ఒకటే. అక్కడ టెన్షన్ అక్కర్లేదు.