టీవీ తెరలాంటి 'ఓ' కోసం

ఒక సంస్థకు లోగో, వెబ్‌సైట్ చేస్తున్నాను. వాళ్లకు 1960ల నాటి రూపం కావాలి. యూరోస్టైల్ అనే ఇంగ్లిష్ ఫాంట్ అనుకున్నాను. ఆల్డో నోవరేసే 1962లో ఇటలీలోని నెబియోలో అనే అచ్చు అక్షరాల సంస్థకు (ఫౌండ్రీకి) గీసిన అక్షరాలు. అందులో 'ఓ' గుండ్రంగా ఉండదు, పాత టీవీ తెరలా మూలలు మెత్తబడిన చతురస్రం. 1952 నాటి మైక్రోగ్రామా కూడా చూశాను కానీ, అందులో పెద్దక్షరాలే. పేరాలకు పనికిరాదు.

నా దగ్గర యూరోస్టైల్ ఫైల్ ఉంది కదా అని సైట్‌లో పెట్టేశాను. అప్పగించే ముందు రోజు, ఎందుకో ఫాంట్ ప్రాపర్టీస్ తెరిచి చూస్తే డెస్క్‌టాప్ లైసెన్స్ అని ఉంది, అంటే కంప్యూటర్‌లో పెట్టుకుని డిజైన్ చేసుకోవడానికే. టెన్షన్ మొదలైంది. ఫైల్ కొనడమంటే వాడుకునే హక్కు కొనడమే, అదీ చెప్పిన పనికే. లోగోలో అక్షరాలను అవుట్‌లైన్‌గా, అంటే ఫాంట్ అక్కర్లేని బొమ్మగా మార్చి ఇవ్వడానికి నా లైసెన్స్ ఒప్పుకుంది. వెబ్‌సైట్‌లో ఫైల్‌ను సర్వర్‌పై పెట్టాలి కాబట్టి దానికి వేరే లైసెన్స్. అది చాలాచోట్ల నెలకు ఎన్ని పేజీలు చూస్తారన్న లెక్కమీద ఉంటుంది. యాప్‌కైతే ఇంకోటి.

ఫైల్ వెంటనే తీసేశాను. సన్నవి, లావువి అన్నీ కలిసిన మొత్తం ఫ్యామిలీ కొనకుండా శీర్షికలకు బోల్డ్ ఒక్కటే వెబ్ లైసెన్స్ తీసుకున్నాం, అదీ సంస్థ పేరు మీదే. నా పేరు మీద కొంటే నేను తప్పుకున్నాక వాళ్లకు తలనొప్పి. పేరాలకు ఓపెన్ ఫాంట్ లైసెన్స్ ఉన్న, అంటే ఉచితంగా వాడుకోగల జోస్ట్ అనే ఫాంట్ పెట్టాను. అది 1920ల జర్మన్ బాణీ, కాలం కాస్త వెనక్కి పోయింది. క్లయింట్ గమనించలేదు, నాకు మాత్రం ఇప్పటికీ గుచ్చుకుంటోంది.