కోలాజ్ సినిమా మనమే తీద్దాం – 3వ పాఠం: యాడ్ ఇచ్చిన మాట నిజమైతే

పోయిన పాఠంలో పాంప్లెట్ల నుంచి, పాత వారపత్రికల నుంచి బొమ్మలు కత్తిరించి స్టాప్ మోషన్ (బొమ్మని కొంచెం కొంచెం జరుపుతూ ఒక్కో ఫోటో తీసి వరసగా కలపడం) తీయడం చూశాం. ఇప్పుడు వాటిలోంచి సైన్స్ ఫిక్షన్ రప్పించాలి.

చాలామంది ఇక్కడే రోబోలు, లేజర్ ఎఫెక్టులు వెతుక్కుంటారు. అక్కర్లేదు. ప్రతి యాడూ రాబోయే రోజుల గురించి ఒక మాట ఇస్తుంది. ఆ మాట అక్షరాలా నెరవేరిన లోకాన్ని ఊహించండి, కథ దొరుకుతుంది. కోచింగ్ ఫ్లెక్సీ మీద 'ప్రతి విద్యార్థికీ ర్యాంకు' అని ఉందా? ఊళ్లో అందరికీ ఒకటో ర్యాంకే వచ్చిందనుకోండి. మర్నాడు బస్సు నడిపేదెవరు? క్రీము డబ్బా మీద 'వయసు కనపడదు' అని ఉంటే, అమ్మమ్మ ఎవరో మనవరాలు ఎవరో పోల్చుకోలేని ఇల్లు మీ సినిమా.

ఇక కట్, అంటే ఒక ముక్క నుంచి ఇంకో ముక్కకు మారడం. 1958లో అమెరికన్ కళాకారుడు బ్రూస్ కానర్ పాత న్యూస్‌రీళ్లు, సినిమా ముక్కలు అతికించి 'ఎ మూవీ' చేశాడు. అందులో జలాంతర్గామిలో ఒకతను పెరిస్కోపులోంచి చూస్తాడు. వెంటనే ఒక మోడల్ కనిపిస్తుంది. తర్వాత టార్పెడో వెళ్తుంది, అణు మేఘం లేస్తుంది. వేర్వేరు చోట్ల తీసిన ముక్కలవి, చూపు ఒక్కటే వాటిని కలిపింది. మరుసటేడు మరో అమెరికన్ కళాకారుడు స్టాన్ వాన్డర్‌బీక్ పత్రికల బొమ్మలను కదిలిస్తూ 'సైన్స్ ఫ్రిక్షన్' తీశాడు. రాకెట్ల పోటీ జోరుగా ఉన్న రోజులవి.

మీరూ చూపుతోనే మొదలుపెట్టండి. బరంపురం గిరి రోడ్డులో పట్టుచీర పాంప్లెట్ ఒకటి తీసుకోండి. మోడల్ పక్కకు చూస్తున్నదైతే మంచిది. సెకనుకు 12 ఫ్రేముల (ఫోటోల) లెక్కన ఆమె ముఖం 36 ఫ్రేములు కదలకుండా ఉంచండి. తర్వాత చంద్రుడి నేల 24 ఫ్రేములు, మళ్లీ అదే ముఖం 36. నాసా ఫోటోలకు సాధారణంగా కాపీరైట్ ఉండదు కాబట్టి చంద్రుణ్ణి అక్కడే తీసుకోండి. రెండోసారి ఆమె నవ్వు వేరేగా కనిపిస్తుంది. బొమ్మని మీరు తాకనే లేదు!

శబ్దం దగ్గర మనకో వరం ఉంది. ఒడిశాలోని తెలుగువాళ్లం మనం, తెలుగు ఇంట్లో, ఒడియా బడిలో నేర్చుకున్నవాళ్లం. తెర మీద ఒడియాలో డిస్కౌంట్ ఉండనివ్వండి, వెనక తెలుగు గొంతు చంద్రుడి మీద ఇళ్ల స్థలాల ధరలు చదవాలి. రైల్వే స్టేషన్ ప్రకటనలా నింపాదిగా, ఏ భావమూ లేకుండా చదివించండి. మ్యూజిక్ ఇప్పుడే పెట్టొద్దు, అది నవ్వాలో భయపడాలో ముందే చెప్పేస్తుంది.

వచ్చే పాఠానికి ఒకే యాడ్ తీసుకుని 30 సెకన్ల ముక్క చేయండి. ముందు శబ్దం ఆపేసి, తర్వాత శబ్దంతో ఇంట్లో ఎవరికైనా చూపించి, ఏం జరుగుతోందని రెండుసార్లూ అడిగి రాసుకోండి.