మూకీ సినిమాను మన బడిలో చూపించాలంటే

దేవరకొండ దగ్గర ఒక ఊళ్ళో సర్కారు బడి టీచర్‌ని. మేం పిల్లలకు చూపించిన సినిమా ‘తొలొంట్స్’. 1914లో కొలొజ్వార్‌లో తీశారు. ఆ ఊరు అప్పుడు హంగేరీది, ఇప్పుడు రొమేనియాలోని క్లుజ్. తీయించింది అక్కడి నాటకశాల నడిపిన యెనో యనోవిచ్. రాజధాని బుడాపెస్ట్‌కు దూరంగా ఉన్న ఆ ఊళ్ళో 1913 నుంచి 1920 దాకా పదుల సంఖ్యలో సినిమాలు వచ్చాయంటే అది ఆయన పట్టుదలే. కొన్నింటికి తనే దర్శకుడు. వాటిలో చాలావరకు పోయాయి. ఈ సినిమాకు దర్శకుడు మిహాయ్ కెర్తేస్, తర్వాత హాలీవుడ్‌లో మైకేల్ కర్టిజ్ అనే పేరుతో సినిమాలు తీశాడు. దీని ప్రింటు దశాబ్దాల తర్వాత న్యూయార్క్‌లో హంగేరియన్ల భవనం సెల్లార్‌లో దొరికింది.

దీన్నే ఎందుకు ఎంచుకున్నానంటే, ఇందులో పల్లె పిల్ల పట్నంలో పనిమనిషిగా చేరుతుంది. చేయని దొంగతనం అంటగట్టి ఊరికి వెళ్ళగొడతారు. మా పిల్లల అమ్మానాన్నలు హైదరాబాద్‌కు మట్టిపనికి పోతారు. ఈ కథ వాళ్ళకు విడమరిచి చెప్పక్కర్లేదు.

ముందు బుడాపెస్ట్ ఫిల్మ్ ఆర్కైవ్‌కు మెయిల్ రాసి అనుమతి అడగండి. తెరకు తెల్ల పంచె చాలు, కానీ ఇస్త్రీ చేసి, కింది అంచులో వెదురు కర్ర దూర్చి కుట్టించండి. లేకపోతే గాలికి మొహాలన్నీ వంకర్లు పోతాయి. పొద్దుగూకాక, పూర్తిగా చీకటి పడ్డాకే మొదలుపెట్టండి.

అసలు పని అక్షరాల కార్డులది, అంటే మూకీలో సీన్ల మధ్య మాటలు రాసి తెర మీద చూపేవాటిది. ఒక్కో కార్డును తెలుగులో నోట్‌బుక్‌లో రాసుకోండి, ఒక్కోటి ఒక్క ఊపిరిలో చదివేంతే ఉండాలి. "ఆమె తన అమాయకత్వాన్ని నిరూపించుకోలేకపోయింది" అని రాసి కొట్టేశాను. "నేను దొంగను కాదమ్మా" అని పెట్టాను. కార్డు తెర మీద ఉన్నంతసేపే చదవండి, కార్డు పోగానే నోరు మూసుకోండి. మొదటిసారి నేను మధ్యలో కూడా వివరిస్తూ పోయాను, పిల్లలు తెర వదిలేసి నా మొహం చూశారు. మనకు ఒగ్గు కథ అలవాటు కాబట్టి మాట ఆపడం కష్టంగానే ఉంటుంది. అయినా ఆపాలి.

సంగీతానికి భజన మండలి హార్మోనియం పిలవండి. ఏడుపు సీన్లలో ఒకే స్వరం పట్టుకుని ఉండమనండి. పాట వద్దు.

ఆ పల్లె పిల్ల తల్లి పాత్ర వేసింది మారి యాసయి, హంగేరీ నాటకరంగంలో మహానటి, అప్పటికి 64 ఏళ్ళు. జైలు నుంచి వచ్చిన తల్లిగా ఆమె తెర మీదికి వచ్చినప్పుడు హార్మోనియం కూడా ఆపించండి. మా దగ్గర ఆ నిశ్శబ్దంలో ప్రొజెక్టర్ ఫ్యాన్ చప్పుడొక్కటే వినిపించింది.

అయిపోగానే లైట్లు వేసి ప్రశ్నలు అడగొద్దు. కాసేపు చీకట్లోనే కూర్చోనివ్వండి. మా దగ్గర వెనక వరుసలోంచి ఒక ముసలమ్మ, "ఆ తల్లి మొగం ఇంకొక్కసారి చూపియ్యి బిడ్డా" అంది. వెనక్కి జరిపి మళ్ళీ వేశాను.